తండ్రి పేరు

దరఖాస్తు కాగితములలో "తండ్రి పేరు" అను గడి యొకటి యుండును. ఆ గడిని నింపుటకు సిగ్గుపడు కాలము మనకు వచ్చినది. తాత పెంటయ్య, తండ్రి పోచయ్య యని వ్రాయవలసివచ్చినప్పుడు చదువుకొన్న యువకుడు కలమును కొంచె మాపి, "పి." అని యొక పొడియక్షరమును గీచి ముందునకు సాగుచున్నాడు. పెండ్లిపత్రికలలో యాదయ్యలు యాదగిరులై, యాదగిరులు గిరులై, గిరులు గిరీశులగుచున్నారు. తన పేరు తాను మార్చుకొను హక్కు ఎవనికైనను కలదు. దానితో మాకు తగవు లేదు. తండ్రి పేరును దాచుట వేఱు. అది యెందుకు జరుగుచున్నదో, దాచబడుచున్న యా పేరులో నేమున్నదో కొంత విచారింపవలసియున్నది.

సికింద్రాబాదునుండి కరీంనగరమునకు పోవు బాటను చూడుడు. దాని పేరు రాజీవ రహదారి. రాజీవమనగా తామర, అది సంస్కృతము. రహదారి పారసీకమునుండి వచ్చిన మాట. బయలుదేరిన యూరి పేరు ఇంకను విచిత్రమైనది. గ్రీకుభాషలో మనుష్యులను కాచువాడని యర్థము గల అలెగ్జాండరు నామము పారసీకమున సికందరై, ఆసఫ్‌జాహీ వంశమున మూడవ ప్రభువగు సికందర్‌జాకు పేరై, 1806లో మన దండుబస్తీకి ఊరిపేరై స్థిరపడినది. అచ్చటినుండి కార్ఖానా, తిరుమలగిరి, లోతుకుంట, అల్వాలు, హకీంపేట దాటినచో తూంకుంట వచ్చును. హకీములో అరబ్బీ యున్నది, పేటలో తెలుగున్నది. తూంకుంటలో తూమును కుంటయును రెండును మన మాటలే. నీటిబొట్టును లెక్కబెట్టుకొని బ్రదికిన రైతులు పెట్టిన పేరది. పట్టుమని పది క్రోసులు లేని యీ దారిలో అయిదు భాషలు కలిసి కాపురము చేయుచున్నవి. ఏ యూరివారును తమ యూరిపేరును చూచి సిగ్గుపడుట లేదు. సిగ్గంతయు మనుష్యుల పేరుల దగ్గఱనే వచ్చినది.

ఈ బాటవెంటనే మన యిండ్లలోని పేరులును నడిచివచ్చినవి. సంక్రాంతి మొదలు ఉగాదివఱకు ఆదివారములందు కొమురవెల్లి మల్లన్న జాతరకు నగరమునుండి పోవు జనము తూంకుంట, శామీర్‌పేటల మీదుగ పోవును. వేములవాడ రాజన్నకు కోడెమ్రొక్కు చెల్లింప పోవువారికిని ఈ దారియే. సంతు లేని యిల్లాలు మల్లన్నకు మ్రొక్కుకొన్నది, కొడుకు పుట్టినాడు, మల్లయ్య యనియో కొమురయ్య యనియో పేరుపెట్టిరి. రాజన్న యిచ్చిన బిడ్డలు రాజయ్య, రాజవ్వ. యాదగిరి నరసింహస్వామి యిచ్చినవారు యాదయ్య, యాదమ్మ, నర్సింహులు. చెఱువుకట్ట కాచు మైసమ్మ యిచ్చినవాడు మైసయ్య. పొలిమేర నిలిచి యూరిని కాచు తల్లి ఎల్లమ్మ యిచ్చినవాడు ఎల్లయ్య; ఎల్ల యనగా సరిహద్దు. ఇట్టి పేరు తలిదండ్రులు చెవికింపుగ నున్నదని యేరుకొన్నది కాదు. అది యొకవిధమైన అప్పుపత్రము. బిడ్డను పిలిచినప్పుడెల్ల ఇచ్చినవానిని తలచుకొనుటకు వ్రాసికొన్న పత్రము.

మల్లన్నను గూర్చి యొకమాట విస్తరించి చెప్పవలెను. ఒగ్గుకథకులు పాడు కథలో మల్లన్నకు బలిజవారి మేడలమ్మ, గొల్లవారి కేతమ్మ యను నిరువురు భార్యలు. మహారాష్ట్రమునకు పోయినచో అదే దైవమును ఖండోబా యందురు, మల్హారి యందురు. అచ్చటను భార్య లిద్దఱే. వర్తకులయింటి మ్హాళసా ఒకతె, గొఱ్ఱెలకాపరులయింటి బాణాయి మఱొకతె. కన్నడదేశమున ఆయనయే మైలారుడు. ఆ దేవుని పేరుమీద కన్నడమున మైలారప్ప పుట్టినాడు, మహారాష్ట్రమున మల్హారరావు పుట్టినాడు, మన సీమలో మల్లయ్య పుట్టినాడు. గొఱ్ఱెలు కాచు ధనగరుల యింట పుట్టి ఇండోరు రాజ్యమును స్థాపించిన మల్హారరావు హోల్కరు తన కొడుకునకు ఖండేరావని పేరు పెట్టుకొన్నాడు. కత్తి పట్టిన దొర ఆ పేరుతో సిగ్గుపడలేదు. పట్టణమున ఉద్యోగము దొరకగానే మన కుఱ్ఱవాడు మల్లయ్యగారి కొడుకునని చెప్పుకొనుటకు వెనుదీయుచున్నాడు.

ఈ పేరుల తుదనున్న రెండక్షరములను చూడుడు. తెలంగాణమున అయ్య యనగా తండ్రి, అవ్వ యనగా తల్లి. మల్లయ్య, పోచయ్య, లచ్చవ్వ, పోశవ్వ — ప్రతి పేరు చివరను తండ్రియో తల్లియో కూర్చుండియున్నారు. ఉయ్యాలలోని పసివానిని సైతము ఈ విధముగ తండ్రీ యని పిలుచు జాతి మనది. ఇంకను గౌరవము కావలసినచో ఏకవచనమును బహువచనము చేసి రాములు, నర్సింహులు, వెంకటేశ్వర్లు అని పిలిచితిమి. వ్యాకరణము తెలియని తల్లులు మర్యాదను వ్యాకరణములో నిమిడ్చి యిచ్చిరి. దీనినే యిప్పటి పట్టణవాసులు మోటుతన మనుచున్నారు.

ఇక పెంటయ్య. మన నవ్వులలో హెచ్చుపాలు పడిన పేరిది.

పుట్టిన బిడ్డలు పుట్టినట్లే పోవుచున్న యింట మఱల కానుపైనది. తల్లి యా బిడ్డను పెంటకుప్పమీద పరుండబెట్టించును. ఎవరో ఇరుగుపొరుగువారు ఆ శిశువు నెత్తికొని తెచ్చి, "కుప్పమీద దొరకినాడు, పెంచుకొందువా?" యని తల్లిచేతిలోనే పెట్టుదురు. ఇక వాడు ఆమె కన్నవాడు కాడు, దొరకినవాడు; ఆమె బిడ్డల వెంటబడిన మృత్యువు వీనిని గుర్తింపజాలదని నమ్మకము. వాని పేరు పెంటయ్య. తినివేసిన విస్తరాకులలో దొర్లించి తీసిన బిడ్డ పుల్లయ్య. కొంగు పట్టి నలుగురియిండ్ల భిక్షమెత్తి, ఆ భిక్షముతో పాటు తెచ్చుకొన్నట్లు భావించిన బిడ్డ భిక్షపతి, భిక్షమయ్య. ఉత్తరాంధ్రమున పిడికెడు తవుడు కొలిచి యిచ్చి తన బిడ్డను తానే కొనుక్కొన్న తల్లి వానికి తవుడు, తవిటయ్య యని పేరు పెట్టుకొన్నది. చావునకు వినబడునట్లు బిడ్డను తక్కువజేసి పిలిచి, దానికి వినబడకుండ గుండెకు హత్తుకొన్న పేరులివి.

ఇది మన పల్లెల వెఱ్ఱియని నవ్వువారు కొంచెము లోకము చూడవలెను. బంగాళమున మూడు గవ్వలకు కొన్న బిడ్డ తీన్‌కొడి, అయిదు గవ్వలకు కొన్నవాడు పాంచ్‌కొడి. అపరాధపరిశోధక నవలలతో వంగభాషను మురిపించిన పాంచ్‌కొడి దే గారి పేరు అట్టిదే. తమిళమున కుప్పుసామిలో కుప్పయే యున్నది. పిచ్చై యనగా భిక్షమే. అమెరికాలో 2015 నుండి గూగుల్ సంస్థ కధిపతిగా నున్న సుందర్ పిచ్చైగారి పేరులో మనకు వినబడు మాట యదియే. ఆ దేశమున నెవ్వరును నవ్వినట్లు మేము వినలేదు. చీనాపల్లెలలో కుక్క విడిచిపెట్టిన యెంగిలి యని యర్థము వచ్చు ముద్దుపేరు పెట్టుదురు. మంగోలియాలో నెర్గుయ్ అను పేరు కలదు. పేరులేనివాడని దాని యర్థము. పేరే లేనివానిని మృత్యువెట్లు పిలుచును? ఆఫ్రికాఖండమున యోరుబాజాతివారు పుట్టి పుట్టి పోవు బిడ్డలకు పెట్టు పేరులలో కొసోకో యొకటి. గొయ్యి త్రవ్వుటకు పాఱ లేదు, కావున నీవు చావరాదు అని దాని భావము. ఆ పేరుతోనే యొకడు 1845 మొదలు 1851 వఱకు లాగోసు రాజ్యమేలినాడు. ఒండొరుల మాట యెఱుగని తల్లులు, సముద్రముల కవతలను ఇవతలను కూర్చుండి, ఒకే మోసమును మృత్యువునకు చేయజూచినారు.

మహారాష్ట్రమున ఇట్టి బిడ్డలకు దగడూ, ధోండో యని పేరులు పెట్టుదురు. రెంటికిని ఱాయి యనియే యర్థము. ఆడువారి విద్యకై జీవితమును ధారవోసిన ధోండో కేశవ కర్వే మహాశయుని పేరు అట్టిది. క్రైస్తవులు పూజించు పీటరు నామమునకును గ్రీకున ఱాయి యనియే యర్థము. కర్వేగారి పేరు వచ్చినది గనుక ఒక సంగతి జ్ఞప్తికి తెచ్చుకొనవలెను. 1921 నవంబరులో హైదరాబాదు వివేకవర్ధనిలో ఆయన యధ్యక్షతను జరిగిన సంఘసంస్కరణ సభయందే అల్లంపల్లి వెంకటరామారావుగారు తెలుగున మాటాడబోగా సభ్యులు గేలిచేసిరి. ఆ యవమానమునుండి ఆంధ్రజనసంఘము పుట్టినది. నాడు నవ్వినవారు ఇతరభాషలవారు. నేడు మల్లవ్వ, పెంటయ్య యన్నంతనే కిసుక్కున నవ్వువారు తెలుగుబిడ్డలు. కొన్ని తరగతిగదులలో హాజరుపట్టీ చదువు ఉపాధ్యాయులు.

రోమకదేశపు వక్త సిసిరో కథ యిచ్చట చెప్పదగినది. లాటినున ఆ పేరునకు శనగ యని యర్థము. వాని పూర్వులలో నొకని ముక్కుకొన శనగగింజవలె చీలియుండెనట. రాజకీయములలో దిగునప్పుడు ఇట్టి పేరు పనికిరాదు, మార్చుకొనుమని స్నేహితులు చెప్పిరి. ఆయన వినలేదు, గొప్పగొప్ప వంశనామములకన్న దీనినే హెచ్చు ప్రసిద్ధి కెక్కింతునని చెప్పి, సిసిలీలో అధికారిగ నున్నప్పుడు దేవతకు సమర్పించిన వెండిపాత్రమీద మొదటి రెండు పేరులును చెక్కించి, మూడవదానికి బదులు శనగగింజ బొమ్మ గీయించెనని ప్లూటార్కు వ్రాసినాడు. రెండువేల యేండ్లు గడచినవి. శనగపేరువాని యుపన్యాసములను లోకమిప్పటికిని చదువుచున్నది.

పెంటయ్యలు ఇప్పుడు పుట్టుట లేదు. దీనికి మేము చింతించుట లేదు. 1971లో మన దేశమున పుట్టిన ప్రతి వేయిమంది శిశువులలో 129 మంది యేడాది నిండకమునుపే కన్నుమూసిరి. 2020 నాటి లెక్కలలో ఆ సంఖ్య 28కి దిగినది; తెలంగాణమున 21. టీకా వచ్చినది, కానుపు ఆసుపత్రికి చేరినది, తల్లికి మృత్యువును మోసగించు పని తగ్గినది. ఆ పేరుతో అక్కఱ తీఱుట సంతోషమే. అయితే ఆ పేరు మోయుచు మనమధ్య నింకను బ్రదికియున్న వృద్ధుడు తన తోబుట్టువులు పోగా మిగిలినవాడని తెలిసికొనక వానిని చూచి నవ్వు మనుమనికి ఏ చదువు చెప్పినట్లు?

ఇంతవఱకు ప్రేమచేత పెట్టిన తక్కువపేరులను గూర్చి చెప్పితిమి. ద్వేషముచేత పెట్టిన తక్కువపేరులును కలవు. రెంటిని కలిపివేయరాదు. మనుస్మృతి రెండవ యధ్యాయమున బ్రాహ్మణుని పేరు మంగళమును, క్షత్రియుని పేరు బలమును, వైశ్యుని పేరు ధనమును సూచింపవలెననియు, శూద్రుని పేరు జుగుప్స గలుగునట్లుండవలెననియు విధి కలదు. శాస్త్రము నోటితో చెప్పిన దానిని గడీల దొరలు చేతలతో చేసిరి. మల్లయ్యలోని అయ్యను పెఱికివైచి మల్లిగాడనిరి, పోచయ్యను పోశిగాడనిరి, ఎల్లమ్మను ఎల్లి యనిరి. తల్లి ప్రేమతో చేర్చిన రెండక్షరములను అధికారము కత్తిరించినది. వెట్టిచాకిరికి పిలుచునప్పుడు ఆ పిలుపే వినబడెను, పంచాయతిలో తప్పు మోపునప్పుడును ఆ పిలుపే వినబడెను. పెంటయ్య యను పేరులో అవమానము లేదు. పెంటిగాడను పిలుపులో నున్నది. ఇప్పటి యువకుని సిగ్గునకు మూలము పేరులో గాక ఈ పిలుపులో నున్నదని మా యూహ. తాతను పిలిచిన పిలుపు మనుమని చెవిలో నింకను మ్రోగుచున్నది. వాడు పిలిచినవారిమీద కోపగించుటకు మాఱుగ పేరుమీద కోపగించుచున్నాడు.

ఈ సంగతి మన నగరముననే యొక మహాపురుషుడు చక్కగ గ్రహించినాడు. 1888లో హైదరాబాదున మాల కులమున పుట్టిన మాదరి భాగయ్య భాగ్యరెడ్డి యైనాడు; 1913లో వర్మ యను బిరుదమందినాడు. 1911లో ఆయన నడిపిన సంఘమునకు మాన్యసంఘమని పేరు. మాన్యులమని తమకు తామే పేరు పెట్టుకొనుట! 1917లో బెజవాడలో పంచమ మహాసభ యని పిలువబడిన సభకు అధ్యక్షుడై, పంచములమను మాట కాదు, ఈ నేలకు మొదటివారము, ఆది ఆంధ్రులమని సభపేరునే మార్పించినాడు. 1931 జనాభా లెక్కలలో ఆది హిందువులను పేరును నిజాము ప్రభుత్వముచేత నెక్కించినాడు. పేరు మార్చుకొన్నవాని నిచ్చట మేము పొగడుచున్నాము, మొదట తండ్రి పేరు దాచరాదని చెప్పితిమి, విరోధము లేదు. భాగ్యరెడ్డివర్మ తన జాతిని వెల్లడిచేయుటకు పేరు మార్చినాడు, దానిని కప్పిపుచ్చుటకు కాదు.

చిట్యాల ఐలమ్మ మాట యేమి? వరంగల్లు చెంతనున్న ఐనవోలు మల్లన్నను జనులు ఐలోని మల్లన్న యందురు; ఐలయ్య, ఐలమ్మ యను పేరులు ఆ దైవమునుండి వచ్చినవి. పాలకుర్తిలో తన పంటను, తన భూమిని విసునూరు దేశముఖుకు వదలక నిలిచిన యామెను లోకము చాకలి ఐలమ్మ యన్నది. దొరకు ఇంటిపేరు మిగిలినది. ఆమెకు వృత్తియే ఇంటిపేరైనది. 2024లో కోఠీయందలి మహిళా విశ్వవిద్యాలయమునకు ఆమె పేరు పెట్టిరి. పట్టములు పుచ్చుకొను విద్యార్థినుల కాగితములమీద ఇప్పుడు ఐలమ్మ పేరు అచ్చుపడుచున్నది. 1946 జూలై 4వ తేదీని కడవెండిలో తుపాకిగుండునకు నేలకొఱిగిన దొడ్డి కొమురయ్య పేరు తెలంగాణమున తెలియనివారు లేరు. ఈ రెండు పేరులును పెండ్లిపత్రికకు పనికిరాని మోటుపేరు లనువారు మా కెదుట వచ్చి చెప్పవలెను.

పేరుల విషయమున మన పల్లెలు భాషకుగాని మతమునకుగాని గోడలు కట్టలేదు. పీర్లపండుగనాడు మ్రొక్కి కన్న బిడ్డ పీరయ్య. పీరు అనగా పారసీకమున పెద్దవాడు, అనగా పీరయ్యయు పెద్దయ్యయు నొక్కటే. గుంటూరు, నెల్లూరు సీమలలో మస్తానయ్యలు, మస్తానరావులు హిందువుల యిండ్ల నున్నారు. దైవధ్యానమున మత్తెక్కినవాడని ఆ మాటకు భావము. రాయలసీమయందలి దస్తగిరి చేయిపట్టి కాచువాడు. బాగ్దాదు మహాత్ముడు అబ్దుల్ ఖాదిర్ జిలానీ బిరుదమది. సికింద్రాబాదు చర్చిలోని యోహాను, మసీదులోని యాహ్యా ఒకే హీబ్రూ నామము ధరించిన యిరువురు. ఇంగ్లీషువాని జాను, రుషియావాని ఇవాను వారికి సోదరులు. రూపాయిమీద బొమ్మయై మనల నేలిన జార్జి చక్రవర్తుల పేరునకు గ్రీకున సేద్యగాడని యర్థము. తమ పేరునకు అర్థమైన రైతునే శిస్తులతో నలిపినవారు దాని నెఱిగియుండిరో లేదో!

ఇప్పుడు కచ్చేరీల సంగతి. నిజాము రాజ్యమున 1948 వఱకు దస్తరములు ఉర్దూలో నడిచినవి. ఆ వ్రాతలో హ్రస్వాచ్చులు సాధారణముగ వ్రాయరు. బకారమునకును పకారమునకును చుక్కలలోనే భేదము. బుచ్చయ్య పోచయ్య యగుట కొక కలపుపోటు చాలును. ఆ దస్తరములనుండి తెలుగునకు, తెలుగునుండి ఇంగ్లీషునకు, కాగితమునుండి 2020లో ధరణికి, 2025లో దాని స్థానమున వచ్చిన భూభారతికి పేరు లెక్కుచు వచ్చినవి. ఎత్తివ్రాతలో ఒక యక్షరము తప్పినచో తాతయొకడు, తండ్రియొకడు, మనుమడు మూడవవాడగును. శామీర్‌పేట, తూంకుంట చుట్టుపట్టుల పొలములు గుంటలు పోయి గజముల లెక్కను అమ్ముడుపోవుచున్న యీ దినములలో ఆ యక్షరము విలువ యెంతయో పట్టా పుస్తకము పట్టుకొని తిరుగు రైతు నడుగుడు. తండ్రి పేరును పొడియక్షరముగ కుదించు యువకుడు తన వారసత్వమునకు తానే చిల్లు పెట్టుకొనుచున్నాడని కూడ చెప్పవలసియున్నది. "పి." అనగా పెంటయ్యయా, పోచయ్యయా, పుల్లయ్యయా? రేపు కచ్చేరిలో చెప్పుటకు తాత యుండడు.

ఇంటిపేరు గతి వేఱొక విధము. మనకు ఇంటిపేరు ముందుండును, పాస్‌పోర్టు ఫారములో వెనుక నడుగుదురు. 1991 మొదలు 1996 వఱకు ప్రధానమంత్రిగ నుండిన పాములపర్తి వెంకట నరసింహారావుగారిని పరదేశపు పత్రికలు మిస్టరు రావు అని వ్రాసినవి. రావు అనునది ఇంటిపేరు కాదు, గౌరవవాచకము. దొరగారిని దొరగారి దొరగారు అన్నట్లున్నది.

క్రొత్తపేరులను గూర్చి కొంచెము చెప్పి ముగింతుము. పేరుల ఫ్యాషను నిన్న మొన్న పుట్టినది కాదు. కాకతీయ వంశమున మొదట బేతరాజు, ప్రోలరాజు కనబడుదురు. రాజ్యము పెరిగిన పిమ్మట రుద్రదేవుడు, మహాదేవుడు, గణపతిదేవుడు వచ్చిరి. కలిమి రాగానే దేశిపేరును విడిచి సంస్కృతమును తొడుగుకొనుట రాజులు చూపిన దారియే. ఆ సంస్కృతమున కర్థమైన నుండెను. ఇప్పుడు చెవికి క్రొత్తగ నుండుటయే చాలునని యక్షరములను పేర్చుచున్నారు. అంశ మనగా భాగమని తెలియును. దానికి ముందు "రి" యొకటి తగిలించి రియాంశ్ అని, దేవుని యంశమని యర్థము చెప్పుచున్నారు. ఏ నిఘంటువు నడిగినను "రి" నోరు విప్పదు. జన్మనక్షత్రమునుబట్టి అక్షరము వెదకువారి కష్టము మఱియొకటి: అశ్వినికి చూ, చే, చో, లా. చూకారముతో మొదలగు మంచిపేరును తెచ్చి యిచ్చినవానికి మేమును నమస్కరింతుము. పూర్వము నక్షత్రనామము వేఱుగ, పిలుచుపేరు వేఱుగ నుండినందున ఈ చిక్కు లేకపోయెను. కొందఱు ఇంగ్లీషు స్పెల్లింగులో అదనముగ రెండు ఏ-లు చేర్చి అదృష్టమునకు నిచ్చెన వేయుచున్నారు. బిడ్డ దాని నెక్కునో లేదో గాని బ్యాంకునకు పోయిన ప్రతిదినమును అఫిడవిట్టు తీసికొనిపోవలసివచ్చును.

మునుపు బడిలో చేర్చునాడు అయ్యవారు వ్రాసినదే పేరు, చెప్పినదే పుట్టినతేదీ. ఎందఱో సాయిబులు, సాలయ్యలు ఆ కలముక్రింద మాఱిపోయిరి. 2023లో సవరింపబడిన చట్టము ఆ యేడు అక్టోబరు 1వ తేదీనుండి అమలులోనికి వచ్చిన పిమ్మట పుట్టిన బిడ్డలకు బడికైనను, ఉద్యోగమునకైనను జననపత్రమే మూలప్రమాణము. కావున ఇప్పుడు వ్రాయు పేరు, దానితోడి తండ్రిపేరు తల్లిపేరు, జీవితాంతము వెంట వచ్చును. నమోదుచేయించు తలిదండ్రులు తమ పేరులను పూర్తిగ, తెలుగున చదివి సరిచూచుకొని, ఆ పిమ్మటనే ఇంగ్లీషు అక్షరములకు సమ్మతింపవలెనని మా మనవి. పురపాలక కార్యాలయములవారు తెలుగు వ్రాతను తరువాతి పనిగ నెంచుట మానవలెను.

పఠనమందిరములవారి కొక చిన్నపని యప్పగించుచున్నాము. ఒక నోటుపుస్తకము తీసికొని, తమ వాడలోని డెబ్బదియేండ్లు దాటిన వారియొద్దకు పోయి, "నీ పేరేమి, ఎవరు పెట్టిరి, ఎందుకు పెట్టిరి, నీకు ముందు పుట్టినవారెందఱు?" అని యడిగి వ్రాసికొనవలెను. నాలుగు ప్రశ్నలు, ఒక్కొక్కరికి అరపుట. మల్లయ్యల కథ మనుమలకైనను తెలియును, జాతర యేటేట జరుగుచున్నది గనుక. పెంటయ్యలను, పుల్లయ్యలను, భిక్షపతులను ముందుగ చూడవలెను.